థింఫూ నుంచి నల్లగొండ హాస్టల్ హాలు దాకా: సాఫ్ అండర్-17 అమ్మాయిల ఫుట్‌బాల్ ప్రత్యక్ష ప్రసారం ఎలా ఉంది?

నల్లగొండ పట్టణానికి కాస్త దూరంలో ఉన్న ఒక బాలికల హాస్టల్ పాఠశాలలో నేను వ్యాయామ ఉపాధ్యాయురాలిని. 2025 ఆగస్టు 20 నుంచి 31 వరకు భూటాన్ రాజధాని థింఫూలో జరిగిన సాఫ్ (దక్షిణాసియా ఫుట్‌బాల్ సమాఖ్య) అండర్-17 మహిళల చాంపియన్‌షిప్‌ను మా హాస్టల్ హాల్లో దాదాపు నలభై మంది పిల్లలతో కలిసి ఇంటర్‌నెట్ ప్రత్యక్ష ప్రసారంలో చూశాను. భారత్ ఆడిన ఆరు మ్యాచ్‌లలో నాలుగింటిని మొదటి నుంచి చివరిదాకా, ఒకదాన్ని సగంలో నుంచి చూశాం. ఒకటి కరెంటు పోయి అసలే చూడలేకపోయాం. ఈ సమీక్ష ఆ ప్రసారం గురించి. నా అభిప్రాయం ముందే చెబుతాను. ఆడపిల్లలకు ఫుట్‌బాల్ నేర్పే ప్రతి బడీ ఇలాంటి ప్రసారాన్ని పిల్లలకు చూపించి తీరాలి. అయితే ప్రసారం చేసేవాళ్లు, తెరకు ఇవతల పదమూడు, పద్నాలుగేళ్ల ఆటగత్తెలు కూర్చుని ఉంటారన్న సంగతి ఇంకా గుర్తించలేదు.

మా పిల్లల్లో ఎక్కువమంది దేవరకొండ, చందంపేట వైపు తండాల నుంచి, మునుగోడు, కనగల్ వైపు పల్లెల నుంచి వచ్చినవాళ్లు. నోటుబుక్కుల అట్టల మీద మెస్సీ, రొనాల్డో బొమ్మలు అంటించుకుంటారు. పెద్దవాళ్ల ఆట, అందులోనూ మగవాళ్ల ఆట, ఫోన్లలో ముక్కలు ముక్కలుగా చూస్తారు. తమ వయసు అమ్మాయిలు దేశం జెర్సీ వేసుకుని, తొంభై నిమిషాల ఆటను మొదలుపెట్టి ముగించడం మాత్రం వాళ్లెప్పుడూ చూడలేదు. ఆ లోటును తీర్చగలిగినది ఈ ప్రసారం ఒక్కటే. టీవీ క్రీడా చానెళ్లలో ఈ స్థాయి పోటీ మాకు దొరకలేదు, పేపర్లో మర్నాడు నాలుగు వాక్యాలు వస్తే అదే గొప్ప.

పోటీ సంగతి క్లుప్తంగా చెబుతాను. సాఫ్ సంగతికి వస్తే, భారత్, బంగ్లాదేశ్, నేపాల్, భూటాన్, శ్రీలంక, మాల్దీవులు, పాకిస్తాన్ అందులో సభ్యులు. థింఫూకు వచ్చినవి వాటిలో మొదటి నాలుగే. ప్రతి జట్టూ మిగతా మూడింటితో రెండేసి సార్లు ఆడుతుంది, మొత్తం పన్నెండు మ్యాచ్‌లు, ఫైనల్ అంటూ విడిగా ఉండదు, పాయింట్ల పట్టికలో పైనున్న జట్టుదే కప్పు. మ్యాచ్‌లన్నీ చాంగ్లిమిథాంగ్ స్టేడియంలోనే జరిగాయి. 2002లో ప్రపంచకప్ ఫైనల్ జరిగిన రోజునే, అప్పటికి ర్యాంకింగ్స్ అట్టడుగున ఉన్న భూటాన్, మోంట్సెరాట్ (కరీబియన్ సముద్రంలోని చిన్న దీవి) జట్లు తలపడిన మైదానం ఇదే. ఆ కథ చెప్పినప్పుడు మా పిల్లలు, చివరి ర్యాంకు వాళ్లకు కూడా మ్యాచ్ పెడతారా అని ఎంతో సంతోషపడ్డారు. ఆ రోజు భూటాన్ 4-0తో గెలిచింది.

మొదటి రోజే మాకు దెబ్బ తగిలింది. ఆగస్టు 20న భారత్, నేపాల్ మ్యాచ్. ప్రసారం చేసేవాళ్లు పెట్టిన పోస్టర్‌లో వేళ వేశారు గానీ అది ఏ దేశపు వేళో వేయలేదు. భూటాన్ గడియారం మనకంటే అరగంట ముందుంటుంది. నేను ఆ వేళను మన వేళే అనుకుని, పిల్లలకు స్నాక్స్ పెట్టించి, చాపలు పరిపించి, నింపాదిగా హాల్లోని ప్యానెల్ (పెద్ద డిజిటల్ తెర) ఆన్ చేసేసరికి మైదానంలో ముప్పయ్యో నిమిషం నడుస్తోంది. వెనక్కి జరుపుకుని చూద్దామంటే ఆ రోజు ప్రసారంలో ఆ వీలు పనిచేయలేదు. ఆ మ్యాచ్‌లో భారత్ 7-0తో గెలిచింది కాబట్టి పిల్లల ఉత్సాహం తగ్గలేదు. కానీ జాతీయ గీతం పాడేటప్పుడు లేచి నిలబడాలని ముందురోజు నుంచి అనుకున్న పిల్లలు ఆ క్షణం పోగొట్టుకున్నారు. పొరపాటులో నా వంతూ ఉంది, కాదనను. అయితే నాలుగు దేశాల వాళ్లు చూసే పోటీకి వేళ ప్రకటించేటప్పుడు పక్కన 'భారత కాలమానం' అని ఒక్క ముక్క చేర్చడం పెద్ద పనేమీ కాదు.

బొమ్మ నాణ్యత నేను అనుకున్నదానికంటే మెరుగ్గా ఉంది. మైదానం మధ్యగీతకు ఎదురుగా ఎత్తున పెట్టిన ప్రధాన కెమెరా ఆటను ఎక్కడా వదలలేదు. పెద్ద పోటీల ప్రసారంలో ప్రతి ఫౌల్‌కూ నాలుగు వైపుల నుంచి రీప్లే, మధ్యలో ప్రేక్షకుల ముఖాలు, కోచ్ ముఖం చూపిస్తూ ఉంటారు. ఇక్కడ అవన్నీ తక్కువ. ఆటను నేర్పేవాళ్లకు అదే మేలు. మైదానం వెడల్పంతా తెర మీద నిలకడగా ఉండడం వల్ల, బంతి కుడివైపు ఉన్నప్పుడు ఎడమవైపు వింగర్ ఎక్కడ నిలబడిందో, డిఫెండర్లు నలుగురూ ఒక గీతలో ఎలా జరుగుతున్నారో పిల్లలకు వేలితో చూపించగలిగాను. ఆఫ్‌సైడ్ (తనకు పాస్ ఇచ్చే క్షణానికే ప్రత్యర్థి డిఫెండర్లను దాటి ముందు నిలబడి ఉండడం) అంటే ఏమిటో రెండేళ్లుగా నేలమీద సుద్దగీతలు గీసి చెబుతున్నాను; ఆగస్టు 24న భూటాన్‌తో మ్యాచ్ చూస్తూ ఉండగా తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె, లైన్ రెఫరీ జెండా లేవకముందే "ఆఫ్‌సైడ్" అని అరిచింది. మరుక్షణంలో జెండా లేచింది. ఆ ఒక్క అరుపుకే ఈ ప్రసారానికి నేను రుణపడి ఉన్నాను. ఆ మ్యాచ్ భారత్ 8-0తో గెలిచింది.

ధ్వని గురించి కూడా మంచి మాటే చెప్పాలి. మైదానం పక్కన పెట్టిన మైకులు ఆటగత్తెల మాటలను, బూటు తగిలిన బంతి చప్పుడును, గోల్‌కీపర్ వెనక నుంచి ఇచ్చే సూచనలను అందుకున్నాయి. మా పిల్లలకు ఆడేటప్పుడు మాట్లాడడం రాదు. ఎంత చెప్పినా సిగ్గు. పాస్ కావాలంటే చెయ్యి ఊపుతారు తప్ప నోరు విప్పరు. తెర మీద తమ ఈడు అమ్మాయి, అదీ గోల్‌కీపర్, తన ముందున్న పదిమందినీ అరిచి సర్దుతుంటే విన్నాక, మరుసటి రోజు పొద్దున గ్రౌండ్‌లో మా గోల్‌కీపర్ పిల్ల "వెనకున్నదే, చూస్కో" అని గట్టిగా అనడం విన్నాను. నేను రెండేళ్లలో చేయలేని పని అది.

ఇక అన్నిటికంటే పెద్ద లోపం పేర్లది. ఆట మొదలయ్యే ముందు జట్టు జాబితా తెర మీద వేస్తారు, చదివేలోపే తీసేస్తారు. ఆ తర్వాత గోల్ పడితే తప్ప ఎవరి పేరూ కనిపించదు. వ్యాఖ్యానం ఇంగ్లిషులో, చాలా వేగంగా సాగుతుంది. పేర్లు ఒక్కోసారి ఒక్కో రకంగా పలుకుతారు. మా పిల్లలకు పేరు కావాలి, పేరు వెనక ఊరు కావాలి. ఒక అమ్మాయి బాగా ఆడిందనుకోండి, వెంటనే హాల్లో నుంచి వచ్చే ప్రశ్న ఒకటే: "మేడం, ఆమెది ఏ ఊరు?" ఆ ప్రశ్నకు తొంభై నిమిషాల్లో ఒక్కసారి కూడా ప్రసారం జవాబివ్వలేదు. చివరికి పిల్లలు జెర్సీ నంబర్లతోనే పిలుచుకోవడం మొదలుపెట్టారు. నంబరును ఎవరూ నోటుబుక్కు అట్ట మీద అంటించుకోరు.

ఇది చిన్న విషయంగా అనిపించవచ్చు. కానీ నిజామాబాద్ జిల్లా నుంచి వెళ్లి భారత సీనియర్ జట్టులో ఆడుతున్న గుగులోత్ సౌమ్య పేరు మొదటిసారి క్లాసులో చెప్పినప్పుడు ఏం జరిగిందో నేను చూశాను. వెనక బెంచీలో అదే ఇంటిపేరున్న అమ్మాయి ఒకతె తలెత్తి, "గుగులోతా మేడం?" అని మళ్లీ అడిగింది. సౌమ్య యూరప్‌లో, క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్ క్లబ్‌కు ఆడి వచ్చిందని, 2024-25 సీజన్‌కు అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య ఉత్తమ మహిళా క్రీడాకారిణిగా ఎంపికైందని చెప్పాను. ఆ అమ్మాయి ఆ రోజు నుంచి ప్రాక్టీసుకు ఒక్కరోజు కూడా రాకుండా లేదు. ఒక పేరు, ఒక ఊరు తెరమీద కింది గీతలో ఐదు సెకండ్లు నిలిపితే ఎక్కడో ఒక హాస్టల్లో ఏమవుతుందో ప్రసారం చేసేవాళ్లకు ఎవరైనా చెప్పాలి.

ఆగస్టు 22న బంగ్లాదేశ్‌తో మ్యాచ్ జరిగినప్పుడు ఈ లోటు ఇంకా బాగా తెలిసింది. భారత్ 2-0తో గెలిచింది గానీ మా పిల్లలు బంగ్లాదేశ్ అమ్మాయిల పరుగు చూసి ముచ్చటపడ్డారు. ఆ దేశంలో మైమెన్‌సింగ్ జిల్లా కల్‌సిందూర్ అనే పల్లె ఉందని, అక్కడి ప్రభుత్వ ప్రాథమిక పాఠశాలలో ఆడుకున్న పిల్లలే మరియా మండా, సంజీదా అఖ్తర్ వంటి వాళ్లు జాతీయ జట్టు దాకా ఎదిగారని, ఆ పల్లె పేరు అక్కడ ఫుట్‌బాల్‌తో ముడిపడిపోయిందని విరామ సమయంలో నేను చెప్పాను. పదిహేను నిమిషాల విరామంలో ప్రసారం మాకు చూపించినది కదలని పోస్టర్ ఒక్కటి, వెనక ఏదో సంగీతం. ఆ పదిహేను నిమిషాల్లో ఒక్క ఊరి కథ చెప్పినా సరిపోయేది. మా హాల్లో టీచర్ ఉంది కాబట్టి ఆ ఖాళీ నిండింది. ఇంట్లో ఒక్కతే ఫోన్ పట్టుకుని చూస్తున్న అమ్మాయికి ఎవరు చెబుతారు?

తెలుగు వ్యాఖ్యానం అడగడం అత్యాశ కాదని నా నమ్మకం. క్రికెట్‌కు, కబడ్డీకి తెలుగులో చెప్పేవాళ్లు ఉన్నారు, వినేవాళ్లూ ఉన్నారు. అది సాధ్యం కాకపోతే ఆడియోలో వ్యాఖ్యానం తీసేసి మైదానం చప్పుడు మాత్రమే వినే వీలైనా ఇవ్వాలి. మేము ఆగస్టు 24 నుంచి ప్యానెల్ శబ్దం తగ్గించి, నేనే తెలుగులో చెబుతూ వచ్చాను. దానివల్ల గోల్‌కీపర్ గొంతు కూడా పిల్లలకు సరిగా వినపడకుండా పోయింది. అది నాకు బాధగానే ఉంది.

ఆగస్టు 27 వినాయక చవితి. పిల్లలు పొద్దున మట్టి గణపతిని చేసి, హాస్టల్ గేటు పక్కన పెట్టుకుని, పూజ చేసుకుని, ఉండ్రాళ్లు తిన్నారు. నేపాల్‌తో రెండో మ్యాచ్ ఆ రోజే. వీధి మండపంలో మైకు మోగుతుంటే, బయట ముసురు పడుతుంటే, కిటికీలు మూసి హాల్లో కూర్చున్నాం. నెట్ సిగ్నల్ బలహీనపడినప్పుడు ఈ ప్రసారం పూర్తిగా ఆగిపోకుండా బొమ్మను మసకగా చేసి ఆటను నడిపించింది. సిగ్నల్ రాగానే మళ్లీ స్పష్టమైంది. పల్లెల్లో చూసేవాళ్లకు ఇది ఎంత పెద్ద ఉపకారమో పట్నంలో ఉండేవాళ్లకు అర్థం కాకపోవచ్చు. 5-0తో గెలిచాక వంటమ్మ కూడా వచ్చి, "మన పిల్లలే గెలిచిండ్రా?" అని అడిగి, మిగిలిన ఉండ్రాళ్లన్నీ పంచిపెట్టింది.

ఆగస్టు 29న కరెంటు పోయింది. ఆ రోజే భారత్ భూటాన్‌ను మళ్లీ 5-0తో ఓడించి, ఇంకో మ్యాచ్ మిగిలి ఉండగానే కప్పు ఖాయం చేసుకుంది. మర్నాడు పూర్తి మ్యాచ్ రికార్డింగ్ వెతికితే మాకు దొరికింది గోల్స్ మాత్రమే కలిపిన చిన్న వీడియో. గోల్స్ ఎలా పడ్డాయో చూడడానికి అది చాలు. గోల్‌కు ముందు ఏడు పాస్‌లు ఎలా కుదిరాయో చూపించడానికి చాలదు. మూడు, నాలుగు నిమిషాల ముక్కలు చూసి ఆట నేర్చుకోవడం, పద్యంలో చివరి పాదం మాత్రమే విని ఛందస్సు నేర్చుకోవడంలాంటిది. పూర్తి మ్యాచ్‌లను అలాగే ఉంచితే బళ్లలో సంవత్సరం పొడవునా పాఠంగా వాడుకోవచ్చు.

వెతకడంలో ఇంకో చిక్కు ఉంది, దీనికి ప్రసారం చేసేవాళ్లు కారణం కాదు. ఈ పోటీల వయసు హద్దు ఏడాదికో రకంగా మారుతూ ఉంటుంది. చిన్నవాళ్ల పోటీ 2017లో అండర్-15గా మొదలై, 2023లో అండర్-17, 2024లో అండర్-16, 2025లో మళ్లీ అండర్-17 అయింది. వీళ్లకంటే కాస్త పెద్ద అమ్మాయిల పోటీ 2018లో అండర్-18, 2021లో అండర్-19, 2022లో జంషెడ్‌పూర్‌లో జరిగినప్పుడు అండర్-18, 2023లో అండర్-20, 2024లో అండర్-19. ఒకే పోటీ ఇన్ని పేర్లతో ఉంటే పాత మ్యాచ్‌లు వెతికేవాళ్లు తికమకపడక తప్పదు. మా ప్యానెల్‌లో నేను ఆతిథ్య నగరం, సంవత్సరం పేరుతో ఫోల్డర్లు చేసి పెట్టుకున్నాను. వయసుతో వెతికితే దొరకనివి అలా దొరుకుతున్నాయి.

ఆగస్టు 31 ఆదివారం నాటి చివరి మ్యాచ్ గురించి కాస్త వివరంగా రాయాలి. కప్పు అప్పటికే మనది. ఇలాంటి మ్యాచ్ చప్పగా సాగుతుందని నేను అనుకున్నాను, పిల్లలకూ అదే చెప్పాను. బంగ్లాదేశ్ 4-3తో గెలిచింది. గోల్ పడ్డ ప్రతిసారీ హాల్లో గాలి మారిపోయింది. మ్యాచ్ ముగిశాక ఏడో తరగతి పిల్ల ఒకతె కళ్లు తుడుచుకుంటూ, ఓడిపోయినా కప్పు ఎందుకిస్తున్నారని అడిగింది. పాయింట్ల లెక్క బోర్డు మీద వేసి చూపించాను: గెలిస్తే మూడు, డ్రా అయితే ఒకటి, ఆరు మ్యాచ్‌లలో ఐదు గెలుపులు, పదిహేను పాయింట్లు. అర్థమైంది గానీ ఆమె బాధ తగ్గలేదు. ఫైనల్ లేని పోటీలో ఉండే వెలితి అదేనని నాకు తోచింది. అయినా ప్రతి జట్టుకూ ఆరు మ్యాచ్‌లు దక్కే ఈ పద్ధతే చిన్న వయసు ఆటగత్తెలకు మంచిదని నేను ఇప్పటికీ అనుకుంటున్నాను. రెండు ఓటములతో ఇంటికి పోయే పోటీలో నేర్చుకోవడానికి ఏముంటుంది? ప్రసారం మాత్రం పట్టికను రోజూ ఆట ముందు, ఆట తర్వాత చూపించి ఉంటే ఆ పిల్లకు ఆ ప్రశ్న వచ్చేదే కాదు.

నియమాలను వివరించడంలో ఈ ప్రసారాలు ఎంత వెనకబడి ఉన్నాయో 2024 ఫిబ్రవరి 8న ఢాకాలో జరిగిన అండర్-19 ఫైనల్ నాడే నాకు అనుభవమైంది. భారత్, బంగ్లాదేశ్ 1-1తో నిలిచాయి. పెనాల్టీలలో గోల్‌కీపర్లతో సహా రెండు వైపులా పదకొండు మందీ కొట్టి 11-11తో మళ్లీ సమమయ్యారు. అప్పుడు నాణెం ఎగరేశారు, భారత్ గెలిచిందన్నారు. బంగ్లాదేశ్ ఒప్పుకోలేదు. గంటల తర్వాత రెండు జట్లనూ ఉమ్మడి విజేతలుగా ప్రకటించారు. ఫుట్‌బాల్ నియమావళిలోని పదో నియమం ప్రకారం అందరూ ఒకసారి కొట్టాక మళ్లీ మొదటి నుంచి కొడుతూ పోవాలి, నాణెంతో తేల్చే మాటే అందులో లేదు. ఆ రోజు నా పక్కన కూర్చున్న అమ్మాయి, "గదేంది మేడం, బొమ్మా బొరుసూ ఏసి కప్పిస్తరా?" అని అడిగితే నేను ఫోన్‌లో నియమావళి వెతికి చదివి వినిపించాల్సి వచ్చింది. మేము చూస్తున్న ప్రసారం ఆ గందరగోళంలో ఒక్క ముక్క కూడా వివరించకుండానే ఆగిపోయింది. ఉమ్మడి విజేతలన్న సంగతి మర్నాడు తెలిసింది.

ఖర్చు మాట. మేము చూసిన ప్రసారానికి చందా లేదు. స్కూల్ నెట్ పనిచేయని రోజు నా ఫోన్ హాట్‌స్పాట్‌తో చూపించాను, రోజుకు ఒకటిన్నర జీబీ వచ్చే ప్యాక్ మ్యాచ్ ముగిసేసరికి అయిపోయింది. ఇంట్లో ఒకే ఫోన్ ఉండి, అది నాన్న దగ్గరుండే పిల్లలకు ఈ దారి పనికిరాదు. అందుకే బడిలో, హాస్టల్లో, గ్రామ పంచాయతీ హాల్లో పదిమంది కలిసి చూసేలా పెద్దవాళ్లు ఏర్పాటు చేయాలి. బొమ్మ, ధ్వని, నెట్ తగ్గినా ఆగని తీరు, ఈ మూడింటికీ నేను పూర్తి మార్కులు వేస్తాను. పేర్లకు, వేళకు, విరామానికి, రికార్డింగ్‌కు వేయలేను.

తర్వాతి పోటీకి మా ఏర్పాటు మేమే చేసుకున్నాం. జట్టు ప్రకటించగానే పద్దెనిమిది అంగుళాల అట్ట మీద నంబరు, పేరు, రాష్ట్రం రాసి హాల్లో తగిలించే పని పదో తరగతి పిల్లలు తీసుకున్నారు. మ్యాచ్ వేళను మన వేళలోకి మార్చి నోటీసు బోర్డు మీద రాసే పని, ఆ రోజు లైన్ రెఫరీ కంటే ముందు అరిచిన అమ్మాయిది. బోర్డు పైమూలన ఆమె ఇప్పటికే సుద్దతో రాసిపెట్టింది: "ఢాకా, థింఫూ అయితే అరగంట ముందు. నేపాల్ అయితే పావుగంట ముందు. గీతానికి అందరూ నిలబడాలి."